నాలుగు సెకన్లు

ఎపిసోడుకి డెబ్బై ఐదు రూపాయలు.
సిరిపురంలో రెండో అంతస్తు స్టూడియో,
ఏసీ కెమెరాల కోసం, మనుషుల కోసం కాదు.
పద్దెనిమిదేళ్ళు అక్కడ ఒక పీతకి మాటలు రాశాను.

ఎర్ర మేజోడు. కళ్ళకి చొక్కా బొత్తాలు.
కాళ్ళకి ఐస్‌ఫ్రూట్ పుల్లలు.
సముద్రం మా ఆవిడ నీలం నైలాన్ చీర,
ఎన్నిసార్లడిగినా తిరిగివ్వలేదు.

మొదటి స్క్రిప్టు మీదే ఎర్ర సిరా పడింది:
పీత "ఏటి" అనరాదు, "ఏమిటి" అనవలెను.
అడ్డంగా నడిచేదానికి నిలువు భాషెందుకండీ అన్నాను.
ఆఫీసరు గారు నవ్వలేదు.
మరుసటి వారం నుంచి చదవకుండా సంతకం పెట్టేవారు.

గొంతు వాసుపల్లి ఎల్లాజీది.
షిప్‌యార్డులో వెల్డరు. షిఫ్టు దిగి
కనుబొమ్మల్లో ఇనప పొడితోనే మైకు ముందు కూచునేవాడు.
నా కాగితం ఒకసారి చూసి, మడిచి జేబులో పెట్టి
"పీతెక్కడైనా ఇలాగంటాదేటి మేస్టారూ" అని
పీత ఏమంటుందో అదే అనేవాడు.
ఇంటికెళ్ళి ఆ మాటలే నా దస్తూరీలో ఎక్కించుకునేవాణ్ణి.
తెర మీద పేరు మాత్రం నాదే పడేది.

ఏడు నిమిషాలు, మూడు బొమ్మలు,
ఎవరూ చావకూడదు.
ఈ ఆఖరిది ఎవరూ కాగితం మీద పెట్టలేదు.

ఆగస్టులో, హార్బరు రోడ్డు మీద, లారీ.
ఎల్లాజీ.
గురువారం రికార్డింగు.

బుధవారం రాత్రంతా కరెంటు లేదు, మాటా లేదు.
తెల్లారి జాలారిపేట వెళ్తే
వాళ్ళ అత్త సన్యాసమ్మ బుట్టలో పీతలేరుతోంది.
ఏడుస్తూనే ఏరుతోంది.
"ఇది పక్కనెట్టాల బాబూ, పెంకిడిసింది.
మెత్తగుంటాది. రాయి కిందకెల్లిపోయి పలకదు.
గట్టిపడ్డాక అదే వస్తాది."

రాశాను.
పీత పెంకు విడిచి రాయి కిందకెళ్ళింది.
చేప పిలిచింది: ఏటి, పలకవేటి?
పీత మాట్లాడదు (నాలుగు సెకన్లు).

ప్రొడ్యూసరు కామాక్షి గారు కొట్టేశారు.
టీవీలో మౌనమంటే రిపేరండీ,
జనం లేచి పెట్టెని బాదుతారు.
మళ్ళీ రాశాను. మళ్ళీ కొట్టేశారు.
మూడోసారి కళ్ళద్దాలు తీసి, చాలాసేపు తుడిచి
"మూడు చాలవా?" అన్నారు.

కొత్త గొంతు వచ్చింది. మంచిదే.
కంచరపాలెం నుంచి ఒక్క కార్డు:
పీతకి జలుబు తగ్గిందా?

టేపులు ఖరీదు గదా,
వాటి మీదే వరి తెగుళ్ళు రికార్డు చేశారు.
నా పద్దెనిమిదేళ్ళూ దోమపోటు కింద ఉన్నాయి.

మొన్న కేజీహెచ్‌లో రక్తం తీసే అమ్మాయి
చీటీ మీద పేరు చదివి సూది ఆపింది.
"పీత మేస్టారా?
ఒకనాడది పలకలేదండి.
మా నాన్న టీవీని కొట్టబోతే నేనే చెయ్యట్టుకున్నాను,
కొట్టకు నాన్నా, అదిప్పుడు మెత్తగుంది అని."

సూది దిగింది.
నేనేమీ అనలేదు.
లెక్కపెట్టలేదు గానీ, అంతే ఉంటుంది.