మొగిలప్ప లెక్క

మొగిలప్ప ఒకటి అని ఎప్పుడూ అన్లేదు.
లాభం అనేవాడు.
లాభం, రెండు, మూడు...
చిత్తూరు బెల్లం మండీలో
కాటా కొక్కేనికి మూట తగిలిచ్చి
రాగం తీసి లెక్క చెప్తా ఉంటే
వింటా వింటా గుమాస్తా తప్పు రాసేసి
షావుకారి చేత తిట్లు తినేవాడు.

ఆ గుమాస్తాని నేనే.

పాటలు అక్కడే కట్టేవాడు,
గోతాల మీద కూచోని, ఈగల్ని తోలుకుంటా.
చదువు లేదు.
"నువ్ రాసిపెట్టు సామీ, నేను మర్సిపోతా" అనేవాడు.
తూకం చీటీలకు రాసేవాణ్ణి.
ముందు పక్క యాదమరి రైతు పద్దు,
వెనక పక్క మొగిలప్ప వాళ్ళమ్మ.
ముందు పక్క తరుగు, కమీషను, హమాలీ,
వెనక పక్క
        చెరుకు కొట్టిన చేతికి
        చేదెట్లంటెనే కుప్పమ్మా

కుప్పమ్మ పెండ్లాం.
గానుగ కాడ పిప్పి ఎండబోసేది, రాత్రిళ్ళు వంత పాడేది.
ఆయమ్మ గొంతు ముందర ఈయన గొంతు
పాకం కుదరని బెల్లం.
ఈ మాట నాది కాదు. ఆయనే అన్నాడు, మైకులో, జనం ముందర.

రాత్రి జాతర్లు, పొద్దున్నే మూటలు.
పుత్తూరు, నగరి, కార్వేటినగరం,
పలమనేరు దాటి కుప్పం దాకా లారీ టాపు మీద.
ఒకచోట యాభై రూపాయలు, ఒకచోట టవాలు,
ఒకచోట సంగటి, ఊరిబిండి, "మళ్ళా రాండి".
తమిళంలో తిట్టి తెలుగులో ఏడిపిచ్చే పాట ఒకటుండేది,
గుడియాత్తం బస్సు మీద.
ఆ పొద్దు నా దగ్గర చీటీ లేదు. పోయింది.

తొంభై ఒకటిలో తిరపతిలో రికార్డింగు.
బస్టాండు ఎనక మేడ మీద గది.
మోత వినపడతాదని ఫ్యాను ఆపేసినారు.
ఎనిమిది పాటలకు మున్నూరు రూపాయలు, ఒక పంచె.
ఆర్నెల్లకు క్యాసెట్టు వచ్చింది.
ప్రైవేటు బస్సుల్లో మోగింది.
టికెట్టు కొనుక్కోని పీలేరు దాకా పోయి
తన పాట తాను విని వచ్చినాడు.

అట్ట మీద ఎవరిదో ఎద్దులబండి బొమ్మ.
"చదువు సామీ."
జానపద గీతాలు. సేకరణ అని, స్టూడియో ఓనరు పేరు.
నేను చదివినాను:
"రచన, గానం, బెల్లం మండీ మొగిలప్ప."

ఆ అట్ట మడిచి జోబీలో పెట్టుకోని
ఇరవై ఏండ్లు తిరిగినాడు.
టీ అంగట్లో చూపిచ్చేవాడు, లారీ డ్రైవర్లకు చూపిచ్చేవాడు.
చదువొచ్చినోళ్ళు చదివి
నా పక్క ఒకసారి చూసి
మడతల మీదనే మడిచి ఇచ్చేసేవాళ్ళు.

కుప్పమ్మ పోయినాక
వంత కాడ ఆగేవాడు. ఇంకెవుర్నీ పెట్టుకోలేదు.
పలక మోగతా ఉంటాది,
నాలుగు దరువుల సేపు పాట ఉండదు.
తెలీని ఊర్లో గొణిగేవాళ్ళు, మర్సిపోయినాడని.
తెలిసిన ఊర్లో ఒకసారి
ఒక ముసలామె జాలిపడి అందుకునింది.
చేత్తో వద్దన్నాడు.

ఆఖర్న మనవరాలు, రెండో తరగతి,
కూడబలుక్కుంటా చదివింది అట్ట.
"తాతా, దీంట్లో నీ పేరు లేదే."
నేను అక్కడే ఉండా. గ్లాసులో టీ చల్లారిపోయింది.
మొగిలప్ప నవ్వినాడు.
"గుమాస్తాలు తప్పు రాస్తారు పాపా,
ఈయన తప్పు చదవతాడు కూడా."
ఎప్పట్నుంచి తెలుసో అడగలేదు.
అడిగుండాల్సింది.

ఇప్పుడు మండీలో కరెంటు కాటా.
మూట పెడితే ఎర్రగా అంకె వెలుగుతాది,
ఎవురూ నోరు తెరవరు.

చీటీలు నా దగ్గరుండాయి, బిస్కెట్ డబ్బాలో.
నూటా ముప్పై చిల్లర.
గట్టిగా చెప్పలేను,
ఎంచబోతే లాభం కాడనే ఆగిపోతా ఉండా.
ఆ కాలం బెల్లం చేతులు కదా,
ఇన్నేండ్లైనా
కాయితాలకు చీమలు పడతానే ఉండాయి.
దులిపి, ఎండలో పెట్టి,
మళ్ళా మూత బిగిస్తా.