బద్దలు

జీడిపప్పు ఫ్యాక్టరీ నాకు నేర్పింది ఒక్కటే:
విరగ్గొట్టకు.
గుండు పప్పుకి ఒక ధర, బద్దకి ఒక ధర,
ముక్కకి ధర తక్కువ, తిట్లెక్కువ.
ఇరవై రెండేళ్లుగా పలాసలో నా చాకు మొన
పొట్టుని గీరుతుంది, పప్పు జోలికి పోదు.

అలాంటిది మొన్న శనివారం రాత్రి,
గాస్కెట్ తీసేసిన కుక్కర్లో
ఇసక మీద కూర్చోబెట్టి కాల్చిన కేకుని,
ఒక్క పగులు లేకుండా పొంగినదాన్ని,
మా ధరణి నా ముందు పెట్టి
"ఇప్పుడు దీన్ని పొడి పొడి చెయ్యమ్మా" అంది.

చెయ్యి రాలేదు.
"ఏటే, బాగానే ఉంది కదే!"
"బాగుంటే కేకు. చిదిపితేనే కేక్ పాప్" అంది,
ఫోన్లో చూసి నేర్చుకున్న పదమూడేళ్ల పెద్దమనిషి.

చిదిపాను.
మొదట ఒక్క వేలితో, దొంగతనం చేస్తున్నట్టు.
తర్వాత రెండు చేతులతో.
ఎంత హాయిగా ఉందో ఎవరితో చెప్పను?

రైల్వే క్వార్టర్స్‌లో గార్డు గారి మనవడికి అయిదో పుట్టినరోజు.
నలభై కావాలన్నారు ఉమారాణి గారు.
"ఎలుగుబంట్లు ఇరవై, గుడ్లగూబలు ఇరవై.
అన్నిటికీ చెవులుండాలి."
గుడ్లగూబకి చెవులేటని నేననలేదు.
అడ్వాన్సు తీసుకున్నాక జంతువులు వాళ్లిష్టం.

క్రీము కలిపి ఉండ చుట్టడం ఒకరు చెప్పక్కర్లేదు,
సున్నుండలు ఎరిగిన అరచెయ్యి కొలత అడగదు.
పుల్ల గుచ్చడమే రాలేదు.
మొదటి మూడూ జారి పళ్లెంలో పడ్డాయి.
ధరణి నవ్వింది. నేను నవ్వలేదు,
నలభైలోంచి మూడు పోతే ఎంతో నాకు తెలుసు.
పుల్ల కొనని ముందు కరిగిన చాక్లెట్లో ముంచి, గుచ్చి,
కామేశు కొట్టు ఫ్రీజర్లో, పాల ప్యాకెట్ల పక్కన
అరగంట పడుకోబెడితే
అప్పుడు పట్టుకుంది.
అద్దె కింద రెండు ఎలుగుబంట్లు అడిగాడు కామేశు.
ఒకదానికి బేరమాడాను.

నిలబెట్టడానికి థర్మాకోల్ ఎక్కడిది?
పెరట్లో గెల కోసేసిన అరటి బోదె ఉంది.
ముక్కలుగా కోసి, అడ్డంగా పెట్టి, నారు నాటినట్టు నాటాం.
చాక్లెట్ కోటు ఇంకా ఆరలేదు, కరెంటు పోయింది.
ఒకటే ఉక్క.
నలభై తలలకి చెరో విసనకర్రతో
పెళ్లివారికి విసిరినట్టు విసిరాం.

చెవులకి జీడిబద్దలు.
రోజూ గేటు దగ్గర కొంగు దులిపి చూపించి
బయటికొచ్చే నేను
బజారులో పావుకిలో కొన్నాను, డబ్బులిచ్చి.
నేను పొట్టు తీసినవేనేమో, ఎవరు చూడొచ్చారు?
ఒక్కో వంపూ దీపానికి పట్టి చూసి
ఎడమకి ఎడమ, కుడికి కుడి జత కలిపేసరికి
హౌరా వైపు బండి ఏదో కూసి పోయింది.

ఉమారాణి గారొచ్చినంతసేపూ గ్లవుజులు తియ్యలేదు.
జీడి మరక కడిగితే పోదు,
చర్మం ఊడితే పోతుంది.
తినేవాళ్లకి చెప్పే సంగతి కాదది.

ఆటోలో బోదె నా ఒళ్లో.
గేటు పట్టాల దగ్గర ఒక్క కుదుపు,
గుడ్లగూబ ఒకటి చెవి రాల్చుకుంది.
దాన్ని వెనక వరసలోకి నెట్టాను.
ఆ పిల్లాడు వెతికి వెతికి దాన్నే పీకాడు.
"దీనికి వినపడదా?"
"ఒక చెవితో ఇంటాది బాబూ."
కాసేపు ఆలోచించి
ఉన్న చెవిలో ఏదో గుసగుసలాడి,
ఆ చెవే ముందు కొరికాడు.

సోమవారం.
బల్ల ముందు అవే తట్టలు, అదే పొట్టు దుమ్ము.
గుండు పప్పొకటి చాకు కింద టక్కున విడిపోయింది.
బెహరా గారు వెనకే ఉన్నారు.
"ఏటమ్మా, సూపెక్కడుంది?"

నా సూపు అరచేతిలోనే ఉంది.
ఒకటి ఎడమది.
ఒకటి కుడిది.