తేనె ఖాతా

నెల్లూరు కలెక్టరాఫీసు రికార్డు రూములో
చెదల మందు కొట్టే పని నాది.
ఆ పూట శ్రీహరికోట అటవీ డిపో ఖాతా అట్ట విప్పితే
మడత పెట్టిన ఉత్తరం ఒకటి జారింది.
సూపర్నెంటు సారు కళ్లజోడు తుడుచుకుని
చదివి చెప్పాడు, టీ చల్లారిపోయిందాకా.

దీవిని ఏలిన దొరకి తమ్ముడంట.
భూమి నడినెత్తిన, మంచులో
వాడూ ఒక దొరే.

"ఇక్కడ నెలల తరబడి పొద్దు పొడవదన్నా.
ఓడ ఏడాదికి ఒక్కసారి.
వీళ్ల పేర్లకి నా నోరు తిరగదు, ఇంటిపేర్లా లేవు.
తలా ఒక అంకె ఇచ్చాం,
బిళ్ల మీద కొట్టి మెడకి కట్టాం.
నక్కతోళ్లు తూచుకుని పిండీ తేయాకూ ఇస్తాం.
మొన్న ఒకామె వచ్చి
చచ్చిన బిడ్డ బిళ్లనే పుట్టినదానికి కట్టమంది.
రూలు ఒప్పదన్నాను.
నీ యానాదులు ఎట్టున్నారు?"

అన్న ఏం రాశాడో తెలీదు.
ఖాతా మాత్రం ఉంది.
తేనె రెండు వీశెలు. చిరివేరు మణుగు.
కుంకుళ్లు, ముష్టిగింజలు.
ఎదురు గడిలో నూకలు.
సంతకం చోట వేలిముద్ర, దాని కింద 'యానాది',
పేజీ తర్వాత పేజీ అదే మాట.
ఒక్కచోట గుమాస్తాకి ఏం తోచిందో
'ఈగా పోలి' అని రాశాడు.

మా ఇంటిపేరు ఈగా.
మాలో పోలి పోతే
మళ్లీ పుట్టినోడు పోలే.
మా తమ్ముడి కొడుకిప్పుడు తడలో ఆటో తోలతన్నాడు,
ఆ పేరు మీదే.

ఆ ముద్రలో సిరా కంటే తేనె ఎక్కువ.
చెయ్యి కడుక్కోనిచ్చినట్టు లేరు.
కాగితం అక్కడ ఇంకా గోధుమరంగు,
గీతల నడుమ ఒక చీమ
ఎనభై ఏళ్లుగా కాళ్లు పీక్కోలేక.

అవ్వ చెప్పేది,
పట్టు కోసేటప్పుడు ఒక చెక్క
చెట్టుకే వదలాలని.
అట్టా వదిలినదానికి
ఈ ఖాతాలో గడి లేదు.
మంచులో వాళ్లూ ఏదో ఒకటి వదిలే ఉంటారు,
నక్కకో, సముద్రానికో.

'సంబంధం లేని కాగితం' అని రాసి
సారు ఉత్తరాన్ని పక్కన పడేశాడు.
ఆయన క్యాంటీనుకు పోగానే
తీసుకొచ్చి పోలి పేజీలోనే పెట్టాను.

తక్కిన బీరువాలన్నిటికీ మందు కొట్టాను.
ఆ ఖాతాకి కొట్టలేదు.
చీమ ఉంది కదా.