వీపులు

"మెల్లగా నడవండి, కిందెవరో నీళ్ళోసుకుంటున్నారు"
అంటుంది నానూలి, ఇటుక గుమ్మటాల మీదుగా
మా పదకొండుమందినీ నడిపిస్తూ.

టిబిలిసి పాతపేట. కుళ్ళిన గుడ్ల కంపు.
మొదట ముక్కు మూసుకున్న జర్మన్ కుర్రాడు
రెండో సందుకే మర్చిపోయాడు.

ఏ రాజు వేట, ఎవరి డేగ, ఏ దండు తగలబెట్టిందో
సంతలో ధరలు చెప్పినట్టు చెప్పుకుపోతుంది.

నీలి పలకల స్నానశాల దాటాక
తాళం పడ్డ ఒక తలుపు దగ్గర
గొంతు తగ్గించింది:

"మా నాన్న ఇక్కడ ఒళ్ళు రుద్దేవాడు.
ఊళ్ళో సగం వీపులు తెలుసు,
ముఖాలే గుర్తుండేవి కావు.
చివర్లో నన్నూ పోల్చుకోలేదు.
మంచం అంచున అటు తిరిగి కూచున్నాను.
వీపు మీద చెయ్యేసి
నానూలీ, అన్నాడు."

ఎర్ర గొడుగు పైకెత్తింది.
"పదండి, జలపాతం ఇంకా ఉంది."