పద్దుల్లో జీపు

ఆ జీపుని మేం పదకొండు సార్లు తగలబెట్టాం.
నా పద్దు పుస్తకమే సాక్షి:
డీజిలు మూడు డబ్బాలు, అరిగిన టైర్లు నాలుగు,
మంటలార్పేవాడికి భోజనం, రెండు బీర్లు.
మర్నాడు మసి గీకి, కొత్త రంగు పూసి
ఇంకో సినిమాలో ఇంకో విలన్ చేతికి తాళాలిచ్చేవాళ్ళం.

అన్సెల్మో బలూయోత్.
మాకందరికీ ఉత్త డిరెక్.
ఒకే చొక్కాలో ఇద్దరు మనుషులు.
"వంతెన పేల్చాలి" అనేవాడు దర్శకుడు.
"వంతెన ఎవడబ్బ సొత్తు?" అనేవాడు నిర్మాత,
అదే నోటితో, అదే సిగరెట్టు మీద.
చివరికి పేలేది అట్టముక్కల వంతెన,
పాసిగ్ నది ఒడ్డున, మోకాలెత్తు.
కెమెరాని బురదలో పడుకోబెట్టి
తనూ పక్కన బోర్లా పడుకునేవాడు.
తెర మీద అది ఆకాశాన్ని అందుకునేది.

నేను కథలెప్పుడూ చదవలేదు. బిల్లులు చదివాను.
తూటాకి ఇంత, తూటా తగిలి పడేవాడికి ఇంత.
తూటాదే ఎక్కువ.

క్రిసాంతో పొద్దున పోలీసుగా చచ్చి
అన్నం తిని, మీసం అంటించుకుని
మధ్యాహ్నం దొంగగా చచ్చేవాడు.
ఏడో సినిమాలో మూడో అంతస్తు నుంచి దూకాలి.
కింద నలభై అట్టపెట్టెలు కావాలన్నాడు.
నిర్మాత ముప్ఫై అన్నాడు.
రాసింది నేను.

"కట్" అన్నాక కూడా లేవలేదు.
షాట్ బాగా వచ్చింది.
పోస్టరు మీద వేసుకున్నాం కూడా.

ఆ రాత్రి డిరెక్ తన మంచి లెన్సు అమ్మేశాడు.
ఆసుపత్రికి నా పుస్తకంలో గడి లేదు,
"ఇతరములు" అని రాశాను.
తర్వాతి సినిమాలన్నీ కాస్త మసకగా ఉంటాయి.
విమర్శకులు దాన్ని శైలి అన్నారు.

ఇంకొకటి ఎవరూ గమనించలేదు:
ఆ తర్వాత ప్రతి సినిమాలో
హోటలు గల్లాపెట్టె వెనక ఒక మనిషి కూర్చుని ఉంటాడు.
చుట్టూ కుర్చీలు విరుగుతాయి, సీసాలు పగులుతాయి,
ఆయన మీద ఒక్క పెంకు పడదు.
చిల్లర లెక్కపెట్టుకుంటూ ఉంటాడు,
బల్ల కింద కాలు చాపుకుని.

డిరెక్ పోయి ఆరేళ్ళు.
కుబావోలో అద్దె గది తలుపు తీస్తే
వెనిగర్ వాసన.
వానలు తాగి తాగి రీళ్ళన్నీ పులిసిపోయాయి:
జీపు, వంతెన, నాయకుడి దవడ.

పుస్తకానికి మాత్రం చెద కూడా పట్టలేదు.
నిన్న కళ్ళజోడు పెట్టుకుని
ముప్ఫై కొట్టేసి నలభై అని దిద్దాను.
అడుగున మొత్తం కలవడం లేదు.
పది పెట్టెల తేడా.
రెండుసార్లు కూడాను.
ఉండనీ.