కురిడీ

ముప్పై ఒక్క ఏళ్ళు
సైడు వింగు చీకట్లో కూర్చున్నాను.
నా పెదవి కదిలితే
యెరుబండి సత్తిరాజు గొంతులోంచి పద్యం లేచేది.
చప్పట్లన్నీ అతనికి,
దోమలన్నీ నాకు.

ఈసారి అంబాజీపేటలో
కొబ్బరి గోదాం అద్దెకి తీసుకుని
కొల్లాబత్తుల ఎస్తేరు అంది:
"తెర లేదు మావయ్యా.
జర్మనీలో ఎప్పుడో పీకేశారు.
నువ్వు నడిమధ్యన కూర్చో.
పుస్తకం కనబడాలి,
అందించడం వినబడాలి."
లైట్లు జనం మీదకి తిప్పేసింది.

జనమంటే
పీచు తీసే ఆడోళ్ళు, వలుపు కూలీలు,
రొయ్యల చెరువు కాపలాకి పోవలసిన ఇద్దరు,
గొళ్ళెం పెట్టానో లేదో అనుకుంటున్న ఒకావిడ.
వెలుగులో ఒకరి మొహం ఒకరు చూసుకుని
కొంగులు సర్దుకున్నారు.

సత్తిరాజుకి ముందునించీ మింగుడు పడలేదు.
కిరీటం తలమీద కాదు, చంకలో పెట్టుకోమంది.
"చచ్చిపోవద్దు. చచ్చిపోయాడని చెప్పు."
"మరి ఏడుపో?"
"అది వాళ్ళిష్టం. నువ్వు లెక్క చెప్పు,
ఈ యుద్ధానికి ఎన్ని బస్తాలు తిన్నారు, ఎవరి చేలోవి."
అలిగి పుల్లేటికుర్రు పోయి
నాలుగు రోజులు రాలేదు.

ఐదో రోజు వచ్చాడు.
మాటల్లేవు. మూలనున్న కురిడీ ఒకటి తీసి
ఎస్తేరు చెవి దగ్గర ఆడించాడు.
లోపల గుడ్డు గలగల్లాడింది.
"పచ్చికాయలో పెంకుని కరుచుకునుంటాది.
నీళ్ళింకాకే విడతాది.
విడితేనే మోగుద్ది.
ఇదేనా తల్లీ నువ్వు చెప్పేది?"
ఆవిడ జర్మనీ పుస్తకం తెరిచి
అంచున పెన్సిలుతో రాసుకుంది.

ఆట రాత్రి
మూడో రంగంలో సత్తిరాజు ఆగిపోయాడు.
మర్చిపోయాడో, ఆగమన్నారో.
పుస్తకంలో అక్కడ ఖాళీ.
జనం నన్ను చూశారు,
నేను పేజీని చూశాను.
హార్మనీ తిత్తి గాలి పీల్చి వదల్లేదు.
లాకుల దగ్గర నీళ్ళ చప్పుడు
లోపలికొచ్చి కూర్చుంది.

అప్పుడు వెనక బస్తాల మీంచి
గుత్తుల మంగాయమ్మ అరిచింది:
"వన్స్ మోర్!"

నవ్వుతారనుకున్నాను.
పద్యానికి విన్నాం, రాగానికి విన్నాం,
ఏమీ లేనిదానికి
ఎవరైనా అడగడం ఇదే మొదలు.
సత్తిరాజు రెండడుగులు వెనక్కి వేసి,
మళ్ళీ నడిచొచ్చి,
మళ్ళీ ఆగాడు.
ఈసారి ఇంకాస్త సేపు.

తెల్లారి గోదాం ఆసామి
అద్దె పుచ్చుకుని, మూల లెక్క చూసి,
ఒక కురిడీ తక్కువైందన్నాడు.

ఎవరు పట్టుకెళ్ళారో నాకు తెలుసు.
అందించను.