పెదవి మూసే చోట

ఆదోని బస్టాండు. పొద్దున ఐదూ నలభై.
మైకు మీద రెండుసార్లు వేలితో తట్టి
"పత్తికొండ మీదుగా గుత్తి వెళ్ళవలసిన ప్రయాణికులకు..."
అంటా ఉండంగానే
ఉగ్గాని పొట్లం తెచ్చిన పిల్లోడు ఫోను సూపించినాడు:
"నీ దొర సచ్చిపోయినాడంట న్నా."

నా దొర.
లెస్ హంటర్. కెనడా. డెబ్బై మూడేండ్లు.
పదకొండేండ్లు వాని గొంతు నాది,
కాదంటే నా నోరు వానిది,
ఆ లెక్క ఎవరూ తేల్చలేదు.

హైదరాబాదులో ఒక అపార్ట్‌మెంటు కింది గది,
గోడలకు కోడిగుడ్ల అట్టలు.
శబ్దం పడుతుందని ఫ్యాను ఆపేస్తాండ్రి.
బయట మే నెల, తెర మీద మోకాలిలోతు మంచు.
వాడు చలికి వణికితే
నేను చెమట కారుస్తా వణుకుతాంటి.
వాని పెదవులు మూసుకున్న చోటల్లా
ఒక ప, ఒక బ, ఒక మ పడాల.
కూలి దానికే. అర్థం తర్వాత.
"నమ్మకు" అనాల్సిన చోట వాని నోరు తెరుచుకోనుంటే
"వినకు" అని సరిపెడతాంటి.
అట్ల ఎంతమందిని నమ్మనిచ్చినానో.

మొదటి రోజు సౌండు ఇంజనీరు నడుమన ఆపి
"సీమ వాసనొస్తోంది మౌలాలీ, కడుక్కుని రా" అన్నాడు.
యాడ అంటే ఎక్కడ.
ఏంటికి అంటే ఎందుకు.
ఉండాడు అంటే ఉన్నాడు.
లాడ్జి అద్దం ముందర నిలబడి
నా నాలికను నేనే ఏకినాను,
మా నాయన పత్తిని ఏకినట్టు,
ఒక్క గింజ మిగలకుండా.
పేరును వాళ్ళు ఏకినారు:
దూదేకుల మౌలాలి, తెర మీద 'మౌళి'.
కథలోకి కత్తి పట్టినోడు వచ్చిన రోజు మాత్రం
"ఇప్పుడు నీ యాసలో కానీ" అంటాండ్రి.
ఆ రోజు వంద ఎక్కువ.

వాని బతుకు నాకు రీలు రీలుగా తెలిసింది.
గోధుమ చేల నడుమ ఊరు. వాన నమ్మించి ఎగ్గొట్టే ఊరు,
మా ఆలూరు దావలో మాదిరి.
తాతలనాటి ఇంటిపేరు హ్రిన్‌చుక్,
ఎవరికీ నోరు తిరగక హంటర్.
మొదటి వేషం శవం.
రెండోది టాక్సీ తోలేవాడు, "ఎక్కడికి?" అనే ఒక్క మాట.
నలభై దాటినంక పోలీసు కోటు దొరికింది,
ఆరేండ్లు వారానికొక హంతకుణ్ణి పట్టినాడు.
కోటు పోయినంక మంచులో జారని టైర్ల ప్రకటన.
ఆ పైన అన్నీ క్రిస్మస్ తాతలే.

ఒకసారి వాడు వాని సొంత గొంతుతో మాట్లాడిన ముక్క దొరికింది.
నా కూతురు ఖైరూన్ విని చెప్పింది:
"నాయనా, ఆయప్ప కూడా నీ లెక్కే.
పక్క దేశం పోలీసు మాదిరి పలకడానికి
మాస్టరును పెట్టుకుని సొంత యాస పోగొట్టుకున్యాడంట.
వాళ్ళ ఊరి వీధికి కూడా
కెమెరా ముందర వేరే ఊరి పేరే పెడతారంట."
మా కర్నూలు బురుజు నయం,
సినిమాల్లో ఎప్పుడూ సొంత పేరుతోనే నిలబడింది.
దాని కింద నరుక్కునే మనుషులే
మాకు ఎవరూ ఎరికలేదు.
ఆ రాత్రి నిద్ర పట్టలేదు.
వాడు కడుక్కున్న గొంతు మీద
నేను కడుక్కున్న గొంతు.
మరి అన్నేండ్లు మాట్లాడింది ఎవరు?

ఆఖరి వేషానికి నన్ను పిలవలేదు.
ఆసుపత్రి మంచం, మాటలు లేవు,
మూడు ఊపిర్లు, ఒక దగ్గు.
ఊపిరికి తెలుగు ఎందుకని
వానివే ఉంచేసినారు.
నేను ఇంట్లో టీవీ ముందర కూర్చోని
ఆ మూడూ వానితోపాటు తీసినాను.
దగ్గు ఒక్కటి ఆలస్యమైంది.

ఉగ్గాని ఆరిపోయింది.
గాజు కిటికీ మీద ఎవరో గాజుల చేత్తో కొట్టినారు,
తలమీద ఉల్లిగడ్డల మూట, ముసలామె.
"గుత్తి బస్సు యాడుండాది నాయనా?"
మైకు ఆపడం మరిచిపోయినాను.
"ఆడనే ఉండాది, మూడో కంబం కాడ. బిన్నె పో,
జారుతాది, సూసుకోని పో
మ్మా"

బస్టాండంతా తలెత్తింది.
గాజులో నా మొకం.
ఆ మ దగ్గర
పెదవులు సరిగ్గా కలిసినాయి.